ఐదు ఎనిమిదుల ఖాతా



ప్రత్యేక సంచికకు ఏదైనా చరిత్ర విషయం రాసి ఇమ్మని మన కార్యదర్శి గారు అడిగినప్పుడు మొదట తప్పించుకుందామనుకున్నాను. నేను చరిత్ర చదివినవాణ్ణి కాను. 1978లో బ్యాంకులో గుమాస్తాగా చేరి, ముప్పై నాలుగేళ్లు లెడ్జర్లు రాసి, వోచర్లు తనిఖీ చేసి, 2012లో పదవీ విరమణ చేసినవాణ్ణి. అయితే బ్యాంకు ఉద్యోగికి చప్పున అర్థమయ్యే చరిత్ర ఒకటుంది. 233 ఏళ్లు బతికిన ఒక పెద్ద బ్యాంకు, ఒకే ఒక్క ఖాతాలో దాచిన నష్టాల వల్ల కూలిపోయిన కథ అది. మనలో చాలామంది సర్వీసులో ఉండగానే, 1995లో జరిగింది. అప్పట్లో పేపర్లో చదివి, "దొరల బ్యాంకులో ఏదో గోల్‌మాల్" అనుకుని పక్కన పడేశాను. ఆ కథకూ నా ఇంటికీ సంబంధం ఉందని తెలియడానికి నాకు ఇరవై ఏడేళ్లు పట్టింది. అది కూడా చివర్లో చెబుతాను. చెప్పకుండా ఈ వ్యాసం రాయడం నిజాయితీ కాదనిపించింది.

బేరింగ్స్ వారి బ్యాంకు

బేరింగ్ సోదరులు లండన్‌లో 1762లో ఈ సంస్థను స్థాపించారు. 1803లో అమెరికా ప్రభుత్వం ఫ్రాన్సు నుంచి లూసియానా ప్రాంతాన్ని కొన్నప్పుడు, ఆ కొనుగోలుకు డబ్బు సమకూర్చిన సంస్థల్లో ఇదొకటి. 1890లో అర్జెంటీనాకు సంబంధించిన పెట్టుబడుల్లో చిక్కుకుని మునిగిపోబోతే, బ్యాంక్ ఆఫ్ ఇంగ్లండ్ నడుం కట్టి, తక్కిన బ్యాంకుల చేత హామీలు ఇప్పించి గట్టెక్కించింది. ఇంగ్లండు రాణి కూడా దీని ఖాతాదారే. అంతటి పరువు గల బ్యాంకు.

ఈ బ్యాంకులో 1989లో నిక్ లీసన్ అనే యువకుడు చేరాడు. గోడలకు పూత పూసే మేస్త్రి కొడుకు. పెద్ద డిగ్రీలేమీ లేవు. కాని పనిమంతుడు. కొన్న షేర్లకు కాగితాలు వచ్చాయా, అమ్మిన వాటికి డబ్బు జమ అయిందా అని చూసే సెటిల్‌మెంటు విభాగంలో ఆయన పని. జకార్తాలో గుట్టలుగా పేరుకుపోయిన కాగితాలను సర్దిపెట్టి పై అధికారుల మెప్పు పొందాడు. 1992లో ఆయన్ని సింగపూర్ పంపారు. అప్పటికి వయసు పాతికేళ్లు.

సింగపూర్‌లోని సైమెక్స్ అనే ఎక్స్ఛేంజీలో, జపాను షేర్ల సూచీ అయిన నిక్కీ మీద ఫ్యూచర్స్ వ్యాపారం జరిగేది. ఫ్యూచర్స్ అంటే ఫలానా తేదీకి ఫలానా ధరకు కొంటాననో అమ్ముతాననో ఇప్పుడే ఒప్పుకోవడం. మొత్తం సొమ్ము కట్టనక్కర్లేదు, మార్జిన్ అనే కొద్దిపాటి సొమ్ము కడితే చాలు. పంట చేతికి రాకముందే బయానా ఇచ్చి బేరం ఖాయం చేసుకోవడం మన పల్లెల్లో ఎరిగిన సంగతే. తేడా అల్లా, ఇక్కడ ధర ఎదురు తిరిగితే ఏ రోజు నష్టం ఆ రోజే కట్టాలి. బయానా చిన్నది, బాధ్యత మాత్రం పెద్దది.

సింగపూర్‌లో లీసన్‌కు రెండు పనులు అప్పగించారు. కొనడం అమ్మడం ఆయన చేతిలోనే. ఆ లావాదేవీల లెక్కలు చూసే సెటిల్‌మెంటు కూడా ఆయన చేతిలోనే. మన భాషలో చెప్పాలంటే, వోచరు రాసేవాడూ పాస్ చేసేవాడూ ఒక్కడే. ఈ ఒక్క మాట వింటే మనలో ఎవరికైనా మిగతా కథ సగం తెలిసిపోతుంది.

ఇరవై వేల పౌండ్ల పొరపాటు

1992 జూలైలో 88888 అనే నంబరుతో ఒక ఖాతా తెరిచారు. చైనీయులకు ఎనిమిది శుభసంఖ్య. పొరపాట్ల ఖాతా ఉండటం నేరమేమీ కాదు. మన దగ్గర సస్పెన్స్ ఖాతా లేదా? తేడా ఎక్కడొచ్చిందో తేలేదాకా తాత్కాలికంగా అక్కడ పెడతాం. ఎంట్రీ ఎన్నాళ్లుగా ఉందో ఇన్‌స్పెక్షన్ వాళ్లు వచ్చి అడుగుతారు.

లీసన్ తరవాత చెప్పుకున్న ప్రకారం, కొత్తగా చేరిన ఒక ఉద్యోగి ఇరవై కాంట్రాక్టులు కొనమంటే అమ్మేయడంతో సుమారు ఇరవై వేల పౌండ్ల నష్టం వచ్చింది. అంత పెద్ద బ్యాంకుకు అది లెక్కలోనిది కాదు. ఆ సాయంత్రం లండన్‌కు తెలియజేస్తే చీవాట్లతో పోయేది. కాని ఆయన దాన్ని ఐదు ఎనిమిదుల ఖాతాలో పెట్టాడు. మెల్లగా పూడ్చేద్దామనుకున్నాడు.

పూడ్చడానికి ఇంకొంచెం కొన్నాడు. అది కూడా ఎదురు తిరిగింది. ఇంకా ఎక్కువ కొన్నాడు. 1993 మధ్యలో ఒకసారి నష్టమంతా పూడిపోయిందని కూడా ఆయనే చెప్పాడు. నా దృష్టిలో ఈ కథలో అన్నిటికంటే ప్రమాదకరమైన రోజు అదే. నష్టాన్ని దాచి, పందెం పెంచి, బయటపడవచ్చునని ఆ రోజు ఆయన మనసుకు రుజువు దొరికింది. మళ్లీ మొదలుపెట్టాడు.

తరవాత విచారణలో తేలిన అంకెలు చూడండి. 1992 చివరికి దాచిన నష్టం 20 లక్షల పౌండ్లు. 1993 చివరికి 2 కోట్ల 30 లక్షలు. 1994 చివరికి 20 కోట్ల 80 లక్షలు. ఈ మూడేళ్లూ లండన్‌కు వెళ్లిన లెక్కల్లో మాత్రం లాభాలే. కుర్రవాడు బంగారు బాతు అనుకున్నారు. బోనసులిచ్చారు. అడిగినప్పుడల్లా మార్జిన్ డబ్బు పంపారు. అంత లాభం వస్తుంటే డబ్బు ఎందుకు అడుగుతున్నాడని గట్టిగా నిలదీసినవారు లేరు.

1995 జనవరి 17 తెల్లవారుజామున జపానులోని కోబేలో భయంకరమైన భూకంపం వచ్చింది. ఆరు వేలమందికి పైగా చనిపోయారు. సూచీ పెద్దగా కదలదని పందెం కాసి ఉన్న లీసన్‌కు కాళ్ల కింద భూమి అక్కడా కదిలింది. జనవరి 23న ఒక్కరోజే నిక్కీ వెయ్యి పాయింట్లకు పైగా పడింది. అప్పుడైనా ఆగాడా? లేదు. బజారును తానొక్కడే పైకెత్తగలనన్నట్టు వేల సంఖ్యలో కాంట్రాక్టులు కొంటూ పోయాడు. ఫిబ్రవరి 23న క్షమాపణ చీటీ ఒకటి రాసిపెట్టి భార్యతో కలిసి సింగపూర్ వదిలి వెళ్లిపోయాడు. 26వ తేదీ ఆదివారం నాడు బ్యాంకు చేతులెత్తేసింది. మొత్తం నష్టం 82 కోట్ల 70 లక్షల పౌండ్లు. బ్యాంకు మూలధనం కంటే ఎక్కువ. ఈసారి బ్యాంక్ ఆఫ్ ఇంగ్లండ్ కాపాడలేదు. ఐఎన్‌జీ అనే డచ్చి సంస్థ దాన్ని, అప్పులతో సహా, ఒక్క పౌండుకు కొనుక్కుంది. లీసన్‌ను మార్చిలో ఫ్రాంక్‌ఫర్ట్‌లో పట్టుకున్నారు. డిసెంబరులో సింగపూర్ కోర్టు ఆరున్నరేళ్ల శిక్ష వేసింది.

తెలియక జరిగిందా?

తెలియక జరగలేదు. ఒకే మనిషికి రెండు బాధ్యతలు ఇవ్వడం ప్రమాదమని 1992 మార్చిలోనే సింగపూర్ నుంచి లండన్‌కు ఒక లేఖ వెళ్లింది. 1994లో అంతర్గత ఆడిట్ వచ్చి, రెండు పనులూ విడదీయమని సిఫారసు చేసింది. అమలు కాలేదు. 1995 మొదట్లో ఆడిటర్లు 5 కోట్ల పౌండ్ల తేడా గురించి అడిగితే, లీసన్ కత్తెర, జిగురు పట్టుకుని సంతకాలు అతికించి దొంగ ఉత్తరాలు తయారుచేశాడు. అందులో ఒక ఫాక్సు ఆయన ఇంటి నుంచే వచ్చినట్టు కాగితం పై అంచున అచ్చయి ఉంది. అదీ ఎవరి కంటా పడలేదు.

నేను కొత్తగా చేరిన రోజుల్లో మా బ్రాంచిలో ఒక సాయంత్రం క్యాషులో మూడు వందలు తక్కువ వచ్చాయి. అప్పట్లో అది చిన్న మొత్తం కాదు. క్యాషియరు, "రేపు ఎవరైనా తెచ్చిస్తారేమో, ఇవాళ్టికి సర్దుకుందాం సార్" అని బతిమాలాడు. మేనేజరు గారు ఒప్పుకోలేదు. "ఇవాళైతే మూడొందలు పోయినట్టు నాయనా. రేపటికి వాయిదా వేస్తే నీకు దొంగ అనే మాట వస్తుంది" అన్నారు. రాత్రి తొమ్మిదింటికి అందరం తలా కొంత వేసుకుని కట్టి, లెక్క మూసి ఇళ్లకు వెళ్లాం. నష్టాన్ని అదుపులో పెట్టడం గురించి నేను తరవాత చదివిన పుస్తకాల్లో ఇంతకంటే పెద్ద సూత్రం కనబడలేదు.

మనసు వేసే తప్పుడు లెక్క

మనిషి ఇలా ఎందుకు చేస్తాడు? దీన్ని శాస్త్రీయంగా పరిశీలించినవారు డేనియల్ కానమన్, ఏమోస్ ట్వెర్‌స్కీ అనే ఇద్దరు మనస్తత్వ శాస్త్రవేత్తలు. 1979లో వారు ప్రచురించిన సిద్ధాంతం సారాంశం ఇది. వంద రూపాయలు వస్తే కలిగే సంతోషం కంటే వంద రూపాయలు పోతే కలిగే బాధ ఎక్కువ. అందుకని లాభంలో ఉన్నప్పుడు మనిషి జాగ్రత్తపరుడు, వచ్చింది చాలని లేచిపోతాడు. నష్టంలో ఉన్నప్పుడు తెగిస్తాడు, పోయింది తిరిగొచ్చే అవకాశం కోసం ఇంకా పెద్ద ప్రమాదానికి సిద్ధపడతాడు. కానమన్‌కు 2002లో ఆర్థిక శాస్త్రంలో నోబెల్ బహుమతి వచ్చింది. ట్వెర్‌స్కీ 1996లోనే పోయారు. లాభమొచ్చిన షేరును తొందరపడి అమ్ముకుని, నష్టపు షేరును పట్టుకు వేళ్లాడే గుణాన్ని 1985లో షెఫ్రిన్, స్టాట్‌మన్ అనే ఇద్దరు ఆర్థికవేత్తలు వివరించారు.

మనసు లెక్క ఇలా ఉంటే, అంకెల లెక్క దానికి పూర్తిగా విరుద్ధం. లక్షలో పది శాతం పోతే, తిరిగి లక్ష కావడానికి మిగిలిన దాని మీద పదకొండు శాతం లాభం రావాలి. యాభై శాతం పోతే నూటికి నూరు శాతం రావాలి. తొంభై శాతం పోతే తొమ్మిది వందల శాతం. అందుకే అనుభవజ్ఞులైన వర్తకులు ఒక్కో బేరంలో తమ మొత్తంలో రెండు శాతానికి మించి పోగొట్టుకోకుండా ముందే గీత గీసుకుంటారు. వరసగా పది బేరాలు తప్పినా వాళ్లకు నూటికి ఎనభై ఒకటి పైచిలుకు మిగులుతుంది. ఒక్కో బేరంలో ఇరవై శాతం పోగొట్టుకునేవాడికి అదే పది తప్పుల్లో మిగిలేది పదకొండు లోపే. ఇద్దరి తెలివీ ఒకటే కావచ్చు, పదకొండో బేరానికి ఒకడే మిగులుతాడు.

మరి గీత తెలిస్తే చాలా? చాలదని జెస్సీ లివర్‌మోర్ జీవితం చెబుతోంది. 1877లో అమెరికాలో పుట్టిన ఈయన పసితనం దాటకుండానే షేర్ల ధరల మీద పందేలు కాయడం మొదలుపెట్టాడు. 1929 పతనంలో బజారు పడుతుందని అమ్మిపెట్టి దాదాపు 10 కోట్ల డాలర్లు సంపాదించాడంటారు. నష్టాన్ని వెంటనే తెంచుకోవాలని ఆయనకంటే బాగా తెలిసినవాడు లేడు. 1940లో ఆ సూత్రాలన్నీ పుస్తకంగా కూడా అచ్చువేశాడు. కాని మధ్యలో 1934లోనే దివాలా తీశాడు. పుస్తకం వచ్చిన ఏడే, నవంబరులో, ఆత్మహత్య చేసుకున్నాడు. నియమం తెలియక కాదు. నియమం తప్పినప్పుడు చెయ్యి పట్టుకుని ఆపే రెండో మనిషి లేక.

నా ఐదు ఎనిమిదులు

ఇక నా సంగతి. కరోనా రోజుల్లో, 2021లో, మా మేనల్లుడు నా ఫోనులో ఒక యాప్ పెట్టి, "మామయ్యా, ఇంట్లో కూర్చునే చేసుకోవచ్చు, మీకు లెక్కలు వచ్చుగా" అన్నాడు. వాడి తప్పేమీ లేదు. ఆప్షన్లలో మొదటి నెల ముప్పై ఒక్క వేలు వచ్చాయి. ముప్పై నాలుగేళ్లు బ్యాంకులో పనిచేసిన నాకు ఇది తెలియకపోవడమేమిటని నామీద నాకే గౌరవం పెరిగింది.

రెండో నెలలో ఒకే రోజు పద్దెనిమిది వేలు పోయాయి. మా ఆవిడకు చెప్పలేదు. రేపు లాగేద్దాం, అప్పుడు చెబుదాం అనుకున్నాను. పెన్షను ఖాతా పాస్‌బుక్కు ఆవిడ చూస్తుంది కాబట్టి, ఇంకో బ్యాంకులో నా ఒక్కడి పేరున ఖాతా తెరిచాను. ఫిక్సెడ్ డిపాజిట్లు ఒక్కొక్కటే గడువుకు ముందే రద్దు చేసి అందులోకి మళ్లించాను. ఆ పాస్‌బుక్కు పాత యూనియన్ డైరీల మధ్య దాచాను. సాయంత్రం నడకకు వెళ్తున్నానని చెప్పి పార్కు బల్ల మీద కూర్చుని ఫోను చూసుకునేవాణ్ణి. ఏడాది తిరిగేసరికి నాలుగు లక్షల డెబ్బై వేలు పోయాయి. మా అమ్మాయి పెళ్లి అప్పు తీరాక మాకు మిగిలిన దాంట్లో అది సగానికి దగ్గర.

2022 దసరాకు ఇల్లు దులుపుతుంటే డైరీల మధ్య నుంచి ఆ పాస్‌బుక్కు కింద పడింది. మా ఆవిడ తీసి, పేజీలు తిప్పి, కాసేపు మాట్లాడలేదు. తరవాత అన్న మాట ఇది: "స్ట్రాంగ్ రూం తాళానికి ఇద్దరుండాలని పండక్కి కూడా పుట్టింటికి తీసుకెళ్లలేదు మీరు. ఇంట్లో డబ్బుకి మాత్రం ఒక్కరే చాలారా అండీ?"

నాకు జవాబు లేదు. ఆ రాత్రి నిద్ర పట్టక కూర్చుంటే ఎప్పుడో పేపర్లో చదివిన బేరింగ్స్ కథ గుర్తుకొచ్చింది. మేకరూ నేనే, చెకరూ నేనే. నా సస్పెన్స్ ఖాతా డైరీల మధ్య ఉంది. నా పద్దెనిమిది వేలే లీసన్ ఇరవై వేల పౌండ్లు. అంకెలు వేరు, మనిషి ఒకడే. ఆయన్ని పట్టుకోవడానికి పోలీసులు కావలసి వచ్చారు. నన్ను దసరా దుమ్ము పట్టించింది. అంతే తేడా.

మన సభ్యులకు మనవి

నా సంగతి ఒంటరి సంగతి కాదు. సెబీ 2024 సెప్టెంబరులో ప్రకటించిన అధ్యయనం ప్రకారం, 2021-22 నుంచి 2023-24 వరకు మూడేళ్లలో షేర్ల ఫ్యూచర్స్, ఆప్షన్లలో దిగిన వ్యక్తుల్లో నూటికి 93 మంది నష్టపోయారు. అందరి నష్టమూ కలిపితే లక్షా ఎనభై వేల కోట్ల రూపాయలకు పైగానే. సగటున ఒక్కొక్కరికి రెండు లక్షలు. అన్నిటికన్నా నన్ను ఆపిన అంకె వేరే ఉంది. నష్టపోయినవారిలో నూటికి 75 మందికి పైగా మళ్లీ అదే వ్యాపారంలో కొనసాగారు. రేపు లాగేద్దామని!

షేర్లు కొనవద్దని నేను చెప్పడం లేదు. అంత అర్హత నాకు లేదు. సర్వీసులో మనం ప్రాణంగా పాటించిన మూడు నియమాలను గేటు దగ్గరే వదిలేసి రావద్దని మాత్రం చెబుతున్నాను. ఒకటి, ఏ రోజు లెక్క ఆ రోజే మూయడం. రెండు, రాసేవారొకరు, చూసేవారింకొకరు. మూడు, ఎంత పోతే ఆగాలో డబ్బు పెట్టక ముందే, మనసు చల్లగా ఉన్నప్పుడే, కాగితం మీద రాసి ఇంకొకరి చేతికివ్వడం.

ఇప్పుడు మా ఇంట్లో అన్ని ఖాతాలూ ఇద్దరి పేరునే ఉన్నాయి. ప్రతి నెలా ఒకటో తేదీన పెన్షను పడ్డాక, కాఫీ తాగుతూ పాస్‌బుక్కులు ఇద్దరం కలిసి చూసుకుంటాం. ఆప్షన్ల జోలికి మళ్లీ పోలేదు. పోయిన డబ్బు తిరిగి రాలేదు, వస్తుందన్న ఆశా పెట్టుకోలేదు. ఇంతవరకూ ఈ సంగతి మా ఇంటి గడప దాటలేదు. ఈ సంచికలో అచ్చు వేయడానికి మా ఆవిడ ఒప్పుకుంది కాబట్టి రాస్తున్నాను. "రాయండి, ఎవరింట్లోనైనా పాస్‌బుక్కు బయటికొస్తుంది" అంది.

ఇది చదువుతున్న మిత్రుల్లో ఎవరి దగ్గరైనా అలాంటి ఖాతా ఉంటే, అందులో నష్టం ఎంతైనా కానీయండి, ఇవాళ సాయంత్రమే ఇంట్లో చెప్పండి. మాట పడాల్సి వస్తుంది. నేనూ పడ్డాను. కాని ఆ రాత్రి, ఏడాది తరవాత మొదటిసారి, తెల్లవారుజామున కాసేపు నిద్రపోయాను.

సెలవు.